పేరు పక్కన కామా పెట్టుకున్న హీరో

చిన్నప్పుడు బడి నుంచి రాగానే పుస్తకాల సంచి ఓ మూల పడేసి పవర్ రేంజర్స్ చూసిన బ్యాచేనా మీరు? ఎరుపు, నీలం, పసుపు సూట్లు, తలకు హెల్మెట్లు, చేతులు అటూ ఇటూ తిప్పగానే మారిపోవడం, ఆ వెంటనే రాక్షసులతో ఫైటింగ్... అవే. ఆ ఫైటింగుల్లో మీరు చూసినవాళ్లలో చాలామంది అమెరికన్లు కాదు, జపనీయులు. జపాన్‌లో తోయె సంస్థ ‘సూపర్ సెంటాయ్’ పేరుతో వరుసగా తీసుకుంటూ వచ్చిన సీరియళ్ల నుంచి ఫైట్లు తెచ్చుకుని, ముసుగు లేని సన్నివేశాలు మాత్రం అమెరికన్ నటులతో తీసి వాటికి అతికించారు. 1993లో వచ్చిన మొదటి పవర్ రేంజర్స్‌కు మూలం 1992 నాటి జపాన్ సీరియల్ ‘జ్యూరేంజర్’.

ఆ కుటుంబానికి ఒక పెద్దన్న ఉన్నాడు. పేరు కామెన్ రైడర్. ముసుగు వేసుకుని బైక్ మీద తిరిగే వీరుడు. 1971లో టీవీలో పుట్టాడు, కొత్త కొత్త రూపాల్లో ఇప్పటికీ వస్తూనే ఉన్నాడు. ఆ పాత్రను అందరికంటే ముందు వేసిన నటుడు హిరోషి ఫుజియోకా.

ఉద్యోగాల వేటలో ఉన్న మాకు ఈ జపాన్ హీరో గొడవ ఎందుకంటారా? ఆయనకు మొదటిసారి ఒక పెద్ద అవకాశం చేతికొచ్చింది. పని మొదలెట్టిన కొద్ది వారాలకే కాలు విరిగింది. ఆయన కుర్చీలో ఆయన స్నేహితుణ్నే కూర్చోబెట్టారు. ఆ తర్వాత ఏం జరిగిందో, ఆఫర్ లెటర్ పట్టుకుని జాయినింగ్ డేట్ కోసం నెలల తరబడి ఎదురుచూస్తున్నవాళ్లూ, బ్యాచ్‌లో అందరికీ వచ్చి తమకు రానివాళ్లూ ఒకసారి వినొచ్చు.

ఆరేళ్ల చిన్న వేషాలు

ఫుజియోకా 1946 ఫిబ్రవరి 19న పుట్టారు. ఊరు షికోకు దీవిలోని ఎహిమె జిల్లాలో కొండల మధ్య. తండ్రి పోలీసు ఉద్యోగి, యుద్ధవిద్యలు తెలిసినవాడు. కొడుక్కి చిన్నప్పటి నుంచే అవి నేర్పించాడు. చదువయ్యాక కుర్రాడు నటుణ్నవుతానని టోక్యో బయల్దేరాడు. హైదరాబాద్‌లో కృష్ణానగర్ గల్లీల గురించి విన్నవాళ్లకు ఆ తర్వాతి భాగం విడమరిచి చెప్పక్కర్లేదు. దొరికిన పనల్లా చేస్తూ నటన నేర్చుకోవడం, చిన్న వేషం దొరికితే అదే పదివేలనుకోవడం.

1965లో షోచికు సంస్థ సినిమాతో తెరమీద కనిపించారు. పంతొమ్మిదేళ్లు. షోచికు అంటే ఆ రోజుల్లో కుటుంబ కథలకూ ప్రేమ కథలకూ పేరున్న పెద్ద సంస్థ. అక్కడ చోటు దొరకడమే గొప్ప. కానీ చోటు దొరకడం వేరు, గుర్తింపు రావడం వేరు. ఆ తర్వాత ఆరేళ్లు గడిచినా ఆయన పేరు చెబితే గుర్తుపట్టేవాళ్లు తక్కువే. టీవీ ఇంటింటికీ చేరిపోయింది, సినిమా హాళ్లు ఖాళీ అవుతున్నాయి, పెద్ద స్టూడియోలు ఖర్చులు తగ్గించుకుంటున్నాయి. అలాంటి రోజుల్లో సినిమా నటుడనిపించుకోవడం అంటే, రిసెషన్‌లో డిగ్రీ పట్టా పుచ్చుకుని బయటికి రావడం లాంటిదే.

1971లో తోయె సంస్థ పిల్లల కోసం ఒక టీవీ సీరియల్ మొదలుపెట్టింది. కథ, రూపం ఆలోచించింది కామిక్స్ రచయిత షోతారో ఇషినోమోరి. నిర్మాత తోరు హిరయామా. హీరో పేరు తకేషి హోంగో. యూనివర్సిటీలో బయోకెమిస్ట్రీ విద్యార్థి, పైగా బైక్ రేసర్. ఐక్యూ 600 అని రాసుకున్నారు. క్యాంపస్ ప్లేస్‌మెంట్లో ఇలాంటివాడు పక్కన కూర్చుంటే మిగతావాళ్లం లేచి వెళ్లిపోవాల్సిందే! ‘షాకర్’ అనే రహస్య ముఠా అతన్ని ఎత్తుకుపోయి, ఆపరేషన్ చేసి, మిడత లక్షణాలున్న యంత్ర మనిషిగా మార్చేస్తుంది. మంచి విద్యార్థుల్ని కిడ్నాప్ చేసి చేర్చుకునే హెచ్‌ఆర్ విభాగం అన్నమాట. మెదడును మార్చేలోపు హోంగో తప్పించుకుంటాడు. తనను తయారుచేసినవాళ్ల మీదే తిరగబడతాడు. మళ్లీ మామూలు మనిషి కాలేనన్న బాధ మాత్రం లోపల ఉండిపోతుంది. పిల్లల సీరియల్‌లో ఇంత చేదు ఉండటం చిత్రమే. కామెన్ రైడర్ ఇన్నేళ్లు నిలవడానికి ఆ చేదే కారణమని నాకనిపిస్తుంది.

ఈ పాత్రకు ముందు అనుకున్నది వేరే నటుణ్ని. చివరికి ఫుజియోకా దగ్గరికి వచ్చింది. ఆయనకు ఇరవై అయిదేళ్లు. ఒళ్లు గట్టిది, యుద్ధవిద్యలు వచ్చు, బైక్ నడపగలరు. సీరియల్‌కు డబ్బు అంతంతమాత్రం. టోక్యో పక్కనే కవాసాకి నగరంలో ఇకుతా అనే చోట ఒక చిన్న స్టూడియోలో షూటింగ్. మొదటి ఎపిసోడ్లలో ముఖం కనిపించే సన్నివేశాలే కాదు, మిడత ముసుగు తగిలించుకున్నాక ఉండే సన్నివేశాలు కూడా చాలావరకు ఆయనే చేశారు. బైక్ మీద విన్యాసాలు కూడా.

విరిగిన కాలు, ఆగని సీరియల్

తొమ్మిది, పది ఎపిసోడ్ల షూటింగ్ జరుగుతోంది. బైక్ సన్నివేశం తీస్తుండగా ఫుజియోకా పడిపోయారు. ఎడమ తొడ ఎముక విరిగింది. లేచి నిలబడటానికే నెలలు పడుతుందన్నారు. సీరియల్ ఇంకా జనంలో నిలదొక్కుకోలేదు కూడా.

ఒక్క క్షణం ఇక్కడ ఆగుదాం. ఇలాంటి కథలు చెప్పేటప్పుడు ‘ప్రాణాలకు తెగించి పనిచేశాడు’ అని చప్పట్లు కొట్టడం మనకు అలవాటు. నేను మాత్రం కొట్టను. హీరో కాలు విరిగితే సీరియల్ ఆగిపోతుందని తెలిసి కూడా ప్రమాదకరమైన బైక్ సన్నివేశంలో హీరోనే కూర్చోబెట్టడం ధైర్యం కాదు, ఏర్పాటు లేకపోవడం. మీలో కొందరు చదువుకుంటూనే బైక్ మీద డెలివరీలు చేస్తుంటారు. కొందరు సైట్ ఇంజినీర్లుగా, మెషీన్ల పక్కన ట్రైనీలుగా చేరబోతున్నారు. చేరే రోజు జీతం అంకెతో పాటు ఇంకో రెండు ప్రశ్నలు అడగండి. ఈఎస్ఐ వర్తిస్తుందా, లేకపోతే గ్రూప్ ఇన్సూరెన్స్ ఉందా? పనిలో దెబ్బ తగిలితే ఆ నెల జీతం వస్తుందా? అలా అడిగితే ఏమైనా అనుకుంటారేమో అని మొహమాటపడకండి. అనుకోనివ్వండి.

సరే, కవాసాకికి వెళ్దాం. టీవీ సీరియల్ అంటే వారం వారం అన్నం వండి పెట్టడం లాంటిది. వంటవాడికి జ్వరమొచ్చిందని పంక్తిలో కూర్చున్నవాళ్లను లేపలేం. సగంలో ఉన్న ఎపిసోడ్లను పాత షాట్ల ముక్కలు అతికి, డూప్‌ను పెట్టి, ఫుజియోకా గొంతు బదులు ఇంకొకరి గొంతు వాడి ఎలాగో ముగించారు. ఆ తర్వాత కొన్ని వారాలు కథను పక్క పాత్రల మీదికి మళ్లించారు. పదకొండో ఎపిసోడ్ నుంచి కజుయా తాకి అనే ఎఫ్‌బీఐ ఏజెంటును తెచ్చారు. ఆ పాత్ర వేసింది జపాన్ యాక్షన్ హీరో సోనీ చిబా తమ్ముడు జిరో చిబా. హీరో లేకుండా హీరో కథ ఎన్నాళ్లు నడుస్తుంది?

అప్పుడొచ్చింది అసలు చర్చ. హోంగో చచ్చిపోయాడని చూపించేసి కొత్త హీరోను తెద్దామని ఒక ఆలోచన. వ్యాపారం లెక్కన అది తేలిక. హిరయామా ఒప్పుకోలేదు. పిల్లలు నమ్ముకున్న హీరోను చంపకూడదన్నది ఆయన పట్టు. హోంగో యూరప్‌లోని షాకర్ ముఠాతో పోరాడటానికి వెళ్లాడని కథ మార్చారు. ఒక్క వాక్యమే కావచ్చు. కానీ ఆ వాక్యంతో ఆస్పత్రి మంచం మీదున్న నటుడికి తిరిగి రావడానికి తలుపు తెరిచే ఉంచారు. మీ జీవితంలో హిరయామా లాంటి మేనేజర్ దొరికితే జీతం వెయ్యి తక్కువైనా ఆలోచించండి.

స్నేహితుడి కుర్చీ

రెండో రైడర్ హయాతో ఇచిమోంజి పాత్రకు పిలిచింది తకేషి ససాకిని. ఫుజియోకా, ససాకి ఇద్దరూ నాటక బృందం రోజుల నుంచి ఎరిగినవాళ్లు. ససాకి మొదట వద్దన్నారు. స్నేహితుడు ఆస్పత్రిలో ఉంటే అతని పాత్ర లాక్కున్నట్టు ఉంటుందని. చివరికి ఒక షరతు మీద ఒప్పుకున్నారు. ఫుజియోకా కోలుకుని వచ్చేదాకా మాత్రమే చేస్తాను.

మీ క్లాసులో ఇద్దరు స్నేహితులు ఒకే పోస్టుకు ఇంటర్వ్యూకు వెళ్లినప్పుడు ఏమవుతుందో మీకు తెలుసు. ఒకరికి వచ్చి ఒకరికి రాకపోతే హాస్టల్ గదిలో ఆ రాత్రి ఎలా ఉంటుందో కూడా తెలుసు. ససాకి ఎదుర్కొన్నది అంతకంటే ఇరకాటం. కాదంటే సీరియల్ ఆగిపోవచ్చు, అప్పుడు ఫుజియోకా తిరిగొచ్చినా చేయడానికి ఏమీ మిగలదు. ఔనంటే స్నేహితుడి చోటు తీసుకున్నవాడవుతాడు. ఆ షరతు ఒక్కటే ఈ ముడి విప్పింది. ఫుజియోకా పూర్తిగా తిరిగి వచ్చేవేళ ససాకి మాట ప్రకారం పక్కకు తప్పుకున్నారు. అప్పటికి ఆయన కూడా పిల్లలకు పెద్ద హీరో. దిగిపోవడం ఏమంత తేలిక కాదు.

1971 జులై 3న పద్నాలుగో ఎపిసోడ్‌లో రెండో రైడర్ వచ్చాడు. ఇక్కడే ఒక తమాషా జరిగింది. మొదటి రైడర్ మారే పద్ధతి వేరు. బైక్ మీద దూసుకుపోతుంటే నడుము బెల్టులోని చక్రానికి గాలి తగిలి, ఆ శక్తితో మిడత మనిషి అవుతాడు. కొత్తగా వచ్చిన ససాకికి బైక్ లైసెన్స్ లేదు! బైక్ నడపకుండా హీరో మారేదెలా? ఫైట్లు చూసే ‘ఒనో కెన్యూకాయ్’ బృందం వాళ్లతో కలిసి నిలబడ్డ చోటే చేతులు తిప్పి, బెల్టు తెరిచి, ‘హెన్‌షిన్!’ అని అరిచే పోజు తయారుచేశారు. హెన్‌షిన్ అంటే రూపం మారడం.

అంతే. జపాన్ అంతటా పిల్లలు వీధుల్లో, బడి ఆవరణల్లో అదే పోజు. సీరియల్‌కు అంతవరకు రాని ఊపు అక్కడి నుంచి వచ్చింది. మిగతా నిర్మాతలు కూడా తమ హీరోలకు తలా ఒక పోజు పెట్టుకున్నారు. ఆ తర్వాత యాభై ఏళ్లలో వచ్చిన జపాన్ టీవీ వీరుల్లో చాలామందికి చేతులు తిప్పే ఓ పద్ధతి ఉంది. మీరు చిన్నప్పుడు మంచం మీద ఎక్కి వేసిన పోజుకు వేర్లు వెతుక్కుంటూ పోతే, ఒకరి విరిగిన కాలు, ఇంకొకరికి లేని లైసెన్సు దగ్గర తేలతారు.

1972 జనవరి 1న, నలభయ్యో ఎపిసోడ్‌లో ఫుజియోకా మళ్లీ కనిపించారు. ఆ ఏడాది ఏప్రిల్ 1న యాభై మూడో ఎపిసోడ్ నుంచి మళ్లీ ఆయనే ప్రధాన హీరో. అయితే తిరిగొచ్చినవాడికి పాత ఆఫీసు దొరకలేదు. తను లేనప్పుడు పుట్టిన పోజు ఇప్పుడు సీరియల్‌కు ప్రాణం. ‘నేనే అసలు రైడర్‌ని, నాకెందుకు ఇవన్నీ’ అనకుండా ఆయన కూడా తన పోజు ఒకటి నేర్చుకుని ‘హెన్‌షిన్’ అన్నారు. ఇవాళ జపాన్‌లో మొదటి రైడర్ పోజు వేయమంటే ముసలివాళ్లు కూడా వేసి చూపించేది అదే. 1973 ఫిబ్రవరి 10న 98వ ఎపిసోడ్‌తో సీరియల్ ముగిసింది.

ముఖం కనిపించని ఉద్యోగం

ఆ ప్రమాదం తర్వాత ఇంకో మార్పు స్థిరపడింది. ముఖం కనిపించే సన్నివేశాలకు ఒక నటుడు, ముసుగు వేసుకున్నాక ఇంకొకరు. ఈ రెండోవాళ్లను జపాన్‌లో ‘సూట్ యాక్టర్’ అంటారు. ఫైట్లు చేసే డూప్ అని తీసిపారేయకండి. ముసుగుకు కళ్లు కదలవు, పెదాలు కదలవు. కోపం, దిగులు, సిగ్గు ఏదైనా మెడ వంచడంలో, భుజం దించడంలో, వేళ్ల కదలికలో చూపించాలి. లోపల చెమట, బయట సరిగా కనిపించని దారి.

ఈ ఉద్యోగంలో శిఖరం ఎవరంటే సెయిజి తకాయివా. 1968లో పుట్టిన ఆయన, సోనీ చిబా 1970లో స్థాపించిన జపాన్ యాక్షన్ క్లబ్‌లో తయారైనవాడు. 2001లో ‘అగితో’తో మొదలుపెట్టి 2018లో మొదలైన ‘జి-ఓ’ దాకా కామెన్ రైడర్ ప్రధాన సూట్ దాదాపు ప్రతి ఏడూ ఆయన ఒంటి మీదే ఉంది. ఆ కాలాన్ని జపనీయులు హేసే యుగం అంటారు. ఆ యుగపు ఇరవై రైడర్లలో పద్దెనిమిది ఆయనే. ముందు నిలబడ్డ కుర్ర హీరోలు ఏటా మారారు, కొందరు పెద్ద స్టార్లయ్యారు. 2007 నాటి ‘డెన్-ఓ’లో హీరోగా కనిపించిన తకేరు సతో అలాంటివాడే. ఆ సీరియల్‌లో పిరికి కుర్రాడి ఒంట్లోకి రకరకాల ఆత్మలు దూరుతుంటాయి. ఒకటి దూకుడు, ఒకటి టక్కరి, ఒకటి మొరటు బలం, ఒకటి చిన్నపిల్లాడి అల్లరి. ముసుగు కిందికి ఎవరు దిగారో నడకను బట్టే పిల్లలు చెప్పేసేవాళ్లు. ఆ నడకలన్నీ తకాయివావే.

ఇంత చేసినా వీధిలో వెళ్తుంటే ఆయన్ను గుర్తుపట్టేది ఆ సీరియళ్ల పిచ్చి ఉన్నవాళ్లే. మీలో చాలామంది చేరబోయే ఉద్యోగాలు ఇలాంటివే. బ్యాకెండ్ కోడ్ రాసేవాళ్ల ముఖం యాప్ వాడేవాళ్లకు తెలియదు. ఆడిటర్ పేరు షేర్ కొన్నవాళ్లలో ఎంతమంది చదువుతారు? గుర్తింపు కావాలనుకోవడం తప్పేం కాదు. అది మీకు ఎంత అవసరమో చేరకముందే తేల్చుకుంటే మంచిది. తకాయివాకు ఆ పని లోపలివాళ్ల మెప్పు చాలింది. అందరికీ చాలదు.

‘పిల్లల హీరో’ ముద్ర

మళ్లీ ఫుజియోకా దగ్గరికి. సూపర్‌హీరో వేషం వేసిన నటుడికి అసలు కష్టం సీరియల్ అయిపోయాక మొదలవుతుంది. దర్శకుల కళ్లకు ముసుగే కనిపిస్తుంది. మన దగ్గర కూడా దేవుడి వేషాలతో పేరొచ్చిన నటులకు మామూలు పాత్రలు దొరకడం ఎంత కష్టమో మీ అమ్మానాన్నల్ని అడగండి. ఫుజియోకా ఈ గోడను దాటిన తీరు చూడదగింది.

సీరియల్ ముగిసిన ఏడాదే, 1973 డిసెంబరులో తోహో సంస్థ ‘నిహోన్ చింబోత్సు’ విడుదల చేసింది. భూకంపాలతో జపాన్ మొత్తం సముద్రంలో మునిగిపోయే కథ, సక్యో కొమాత్సు నవల ఆధారం. అందులో సముద్రం అడుగుకు వెళ్లే సబ్‌మెర్సిబుల్ పైలట్ ఒనోదెరా పాత్ర ఫుజియోకాది. సినిమా బ్రహ్మాండంగా ఆడింది. 1974లో ఎన్‌హెచ్‌కే వాళ్ల ఏడాది పొడవు చారిత్రక సీరియల్ ‘కత్సు కైషూ’లో ర్యోమా సకమోతో వేశారు. ఇది జపాన్ చరిత్రలో పిల్లలు పెద్దలు అందరూ ఇష్టపడే పేరు. 1977లో మొదలై పదేళ్లు, అయిదు వందలకు పైగా ఎపిసోడ్లు నడిచిన పోలీసు సీరియల్ ‘తొకుసో సైజెన్‌సెన్’లో డిటెక్టివ్ సకురాయి. పిల్లల హీరో, విపత్తు సినిమా హీరో, చరిత్ర పురుషుడు, పోలీసు. రెజ్యూమెలో ఒక్కో లైను ఒక్కో దిక్కుకు పోతోంది కదా? కలిపి చూస్తే అన్నింటిలోనూ ఉన్నది ఒకటే సరుకు. తండ్రి దగ్గర నేర్చుకున్న నిలబడే తీరు, ఒంటి మీద అదుపు. దాన్నే రకరకాల చోట్ల అమ్ముకున్నారు.

1980ల మధ్యలో అమెరికా వెళ్లి ‘ఘోస్ట్ వారియర్’ అనే సినిమా చేశారు. నాలుగు వందల ఏళ్లు మంచులో గడ్డకట్టిన సమురాయ్‌ను లాస్ ఏంజెలెస్‌లో బతికిస్తే ఏమవుతుందన్నది కథ. చిన్న బడ్జెట్ సినిమా, లోకాన్నేమీ ఊపేయలేదు. హాలీవుడ్ స్టార్ అయిపోలేదు. కానీ పేరు విషయంలో ఆయన చేసిన విచిత్రం ఆ రోజుల నాటిదే. జపనీస్‌లో తన పేరు రాసేటప్పుడు చివర ఒక కామా చేర్చుకున్నారు. అక్షర దోషం కాదు, సినిమా టైటిల్స్‌లో, పోస్టర్లలో కూడా అలాగే వేస్తారు. వాక్యం ఇంకా అయిపోలేదు, నేనింకా పూర్తికాలేదు అని దాని అర్థంగా ఆయన చెబుతుంటారు. పత్రికల్లో ప్రూఫులు దిద్దేవాళ్లకు మాత్రం ఈయన పేరు వచ్చిన ప్రతిసారీ ఒక పరీక్షే.

జూడో దుస్తుల్లో యాభై ఏళ్ల కుర్రాడు

1997. ఫుజియోకాకు యాభై దాటింది. వీడియో గేముల సంస్థ సెగా తన ‘శాటర్న్’ గేమ్ మెషీన్‌కు ప్రకటనలు తీయాలనుకుంది. పోటీలో సోనీ ప్లేస్టేషన్ దూసుకుపోతోంది, శాటర్న్ వెనకబడింది. వాళ్లు ఒక పాత్రను సృష్టించారు. పేరు సెగాతా సంషిరో. తెల్లటి జూడో దుస్తులు, వీపు మీద రాయంత పెద్ద గేమ్ మెషీన్ మోస్తూ కొండల్లో సాధన. బయట ఆడుకుంటున్నవాళ్లను, క్లబ్బుల్లో తిరుగుతున్నవాళ్లను పట్టుకుని ఎత్తి పడేసి ‘శాటర్న్ ఆడండి’ అని బోధ చేస్తాడు. జపనీస్ నేర్చుకుంటున్నవాళ్లకు ఒక చమత్కారం. ఆ పేరు పాత జూడో కథానాయకుడు సుగాతా సంషిరోను గుర్తుచేస్తుంది, గబగబా పలికితే ‘సెగా శాటర్న్, షిరో’ అని వినిపిస్తుంది. షిరో అంటే ‘చెయ్యి’ అని గద్దించి చెప్పడం.

ఇందులో గొప్పేముంది అంటారా? ఫుజియోకా ఆ జోకును నవ్వకుండా చేశారు. ఒక్క కనురెప్ప కూడా ‘నేను సరదాకు చేస్తున్నాను’ అని చెప్పదు. ర్యోమా సకమోతోను ఎంత నిష్ఠగా వేశారో, గేమ్ మెషీన్ మోసే పిచ్చి గురువును కూడా అంతే నిష్ఠగా వేశారు. అందుకే జనం పడిపడి నవ్వారు. పాట రికార్డు వచ్చింది, ఆయన పాత్ర మీదే శాటర్న్‌కు ఒక గేమ్ కూడా వచ్చింది. 1998లో సెగా కొత్త మెషీన్ డ్రీమ్‌కాస్ట్ తెచ్చే సమయానికి ఆఖరి ప్రకటన తీశారు. సెగా ఆఫీసు మీదికి వస్తున్న క్షిపణికి సెగాతా ఎదురెళ్లి, దాన్ని పట్టుకుని అంతరిక్షంలోకి తీసుకుపోయి పేలిపోతాడు. ప్రకటన పాత్రకు ఇంత ఘనమైన వీడ్కోలు నేనైతే ఇంకెక్కడా చూడలేదు.

కామెన్ రైడర్ తెలియని తరానికి ఆయన అలా తెలిశారు. ఫ్రెషర్‌గా చేరినప్పుడు కొందరికి ‘ఈ పని నా చదువుకు తగ్గది కాదు’ అనే భావన ఉంటుంది. కావచ్చు, నిజంగానే తగ్గది కాకపోవచ్చు. అయితే ముఖం చిట్లించుకుని చేసిన పని ఎదుటివాళ్లకు ఇట్టే తెలిసిపోతుంది. ఇంటర్న్‌షిప్‌లో ఎక్సెల్ షీట్లు నింపించినా సరే.

డెబ్బై ఏళ్లకు మళ్లీ బెల్టు

తొలి పాత్ర పేరు ఎత్తితేనే విసుక్కునే నటులుంటారు. ఫుజియోకా అలా కాదు. 2014లో పాత, కొత్త రైడర్లు తలపడే సినిమాలో తకేషి హోంగోగా మళ్లీ కనిపించారు. 2016 మార్చిలో, ఆయనకు డెబ్బై ఏళ్లు నిండిన మరుసటి నెల, ‘కామెన్ రైడర్ 1’ విడుదలైంది. సీరియల్‌కు నలభై అయిదో ఏడు. టైటిల్ పాత్ర ఆయనదే. ఇక్కడ దుస్తులు తయారుచేసేవాళ్లు ఒక మంచి పని చేశారు. 1971 నాటి సన్నటి సూట్‌ను దించేయకుండా, వయసు మీదపడిన మనిషి ఒంటికి సరిపోయేలా మందంగా, బరువుగా కొత్త సూట్ గీశారు. కుర్రవాడిగా నటించమని ముసలాయన్ను అడగలేదు.

2021 డిసెంబరులో, కామెన్ రైడర్‌కు యాభై ఏళ్లు నిండిన సంవత్సరంలో, ‘బియాండ్ జెనరేషన్స్’ అనే సినిమా వచ్చింది. కథ కోసం కుర్ర హోంగో కావలసివచ్చాడు. పాత సీరియల్ మొదలైన ముప్ఫై ఏళ్లకు పైగా గడిచాక పుట్టిన కుర్రాడు ఆ వేషం కట్టి, తొడ విరిగిన నటుడు తిరిగొచ్చాక నేర్చుకున్న ఆ పోజే వేశాడు. పేరు మైతో ఫుజియోకా. హిరోషి గారబ్బాయి.